సూరత్ పల్లెబాటల్లో తోడుమనుషులు: జామీను నుంచి వ్యాఖ్యానం దాకా

సూరత్ నగరానికి నైరుతి దిక్కున ఉన్న ఆల్థాన్ ఈనాడు ఎత్తయిన నివాస భవనాలు, వెడల్పాటి రోడ్లు, ఉద్యానవనాలతో నిండిన నగరభాగమే అయినా, కొన్ని దశాబ్దాల కిందటి వరకు అది చోర్యాసీ తాలూకాలోని ఒక పల్లె. దాని పొరుగున ఉన్న భీమ్రాడ్, ఖజోద్ కూడా అలాంటి ఊళ్ళే. ఉత్తరాన తాపీ, దక్షిణాన మీంఢోళా నదుల నడుమ సముద్రానికి దగ్గరగా పరుచుకున్న ఈ పల్లపు నేలలో పోటు సమయాన ఉప్పునీరు వాగుల గుండా ఊళ్ళ దాకా ఎక్కి వచ్చేది. ఇప్పుడు ఈ ప్రాంతం నుంచి సెలవు రోజుల్లో వాహనం మాట్లాడుకుని, దారి తెలిసిన మనిషిని వెంటబెట్టుకుని, ఉదయం బయలుదేరి సాయంత్రానికి తిరిగివచ్చేలా దాండీకో బార్డోలీకో వెళ్ళిరావడం మామూలు విషయం. డబ్బు తీసుకుని పల్లెసీమను చూపించే ఈ వృత్తి పర్యాటక యుగంలో పుట్టిందని సాధారణంగా అనుకుంటారు. అయితే సూరత్ పరిసరాల్లో, వెంట నడిచే మనిషికి కూలి ఇచ్చి పల్లెల గుండా ప్రయాణించే ఆచారానికి మూడున్నర శతాబ్దాలకు పైబడిన లిఖిత సాక్ష్యం ఉంది. ఈ కాలంలో మారినది ఆచారం కాదు, ఆ కూలికి బదులుగా ప్రయాణికుడు ఏమి కొనుక్కుంటున్నాడన్నది మాత్రమే.

పదిహేడో శతాబ్దంలో సూరత్ మొఘల్ సామ్రాజ్యానికి ప్రధాన రేవు. మక్కా యాత్రికులు ఇక్కడే ఓడ ఎక్కేవారు కనుక దీనికి మక్కా ద్వారమన్న పేరు వచ్చింది. ఆ యాత్రికుల బస కోసం షాజహాన్ కాలంలో, 1644లో, కట్టిన మొఘల్ సరాయి నేటికీ నిలిచి ఉంది. అనంతరకాలంలో కొంతకాలం జైలుగా ఉపయోగపడిన ఆ కట్టడం 1867 నుంచి పురపాలక కార్యాలయంగా ఉంది. బాటసారుల విడిది పన్నులు కట్టే చోటుగా మారడంలో కొంత వింత లేకపోలేదు. ఈ రేవు నుంచి ఒక ప్రధాన మార్గం ఉత్తరాన భరూచ్ మీదుగా అహ్మదాబాద్‌కు వెళ్ళేది. మరొకటి తూర్పుగా తాపీ లోయ వైపు సాగి, ఒక శాఖ బుర్హాన్‌పూర్ మీదుగా ఆగ్రాకు, ఇంకొక శాఖ దౌలతాబాద్, ఔరంగాబాద్, నాందేడ్‌ల మీదుగా గోల్కొండకు, అక్కడి నుంచి మచిలీపట్నానికి చేరేది. తూర్పుతీరంలో ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ 1611లో మచిలీపట్నంలో వర్తకశాల పెట్టింది. సూరత్‌లో దాని వర్తకశాల స్థిరపడినది ఆ తరువాతనే. కాబట్టి సూరత్ పల్లెదారుల చరిత్ర తెలుగు పాఠకులకు పరాయి విషయం కాదు. ఆ దారికి ఒక కొస ఇక్కడుంటే మరొక కొస కృష్ణా ముఖద్వారంలో ఉంది.

ఆ కాలపు ప్రయాణ వ్యయాన్ని అందరికంటే వివరంగా రాసిపెట్టినవాడు ఫ్రెంచి వజ్రవ్యాపారి జాఁ బాప్తిస్త్ తవెర్నియే. గోల్కొండ రాజ్యంలోని వజ్రపు గనులను స్వయంగా చూసిన ఈ వర్తకుడికి సూరత్ నుంచి గోల్కొండకు పోయే దారి వ్యాపారరీత్యా కంఠోపాఠం. ఎద్దులు లాగే తేలికపాటి బండిని అద్దెకు తీసుకుంటే రోజుకు సుమారు ఒక రూపాయి అవుతుందని, సూరత్ నుంచి ఆగ్రాకు 35 నుంచి 40 రోజుల ప్రయాణమని, మొత్తం మీద 40 నుంచి 45 రూపాయలు ఖర్చవుతాయని, గోల్కొండకు కూడా దూరమూ ధరా దాదాపు అంతేనని అతడు లెక్క చెప్పాడు. తన సొంత బండికి కట్టిన ఎద్దుల జతకు దాదాపు 600 రూపాయలు పెట్టానని రాశాడంటే మంచి ఎద్దులకు ఆ రోజుల్లో ఎంత విలువ ఉండేదో తెలుస్తుంది. అంతకంటే ముఖ్యమైనది వెంట వచ్చే మనుషుల సంగతి. గౌరవంగా ప్రయాణించదలచినవాడు విల్లమ్ములు కొందరూ తుపాకులు కొందరూ ధరించిన 20 నుంచి 30 మంది బంట్లను నెలజీతానికి కుదుర్చుకోవాలని, వారికి పల్లకీ మోసే బోయీలతో సమానంగా నెలకు నాలుగు రూపాయలు, ప్రయాణం రెండు నెలలు దాటితే ఐదు ఇవ్వాలని అతడు చెప్పాడు. పగలు యజమాని హోదాను చాటడమూ రాత్రి విడిదిలో కాపలా కాయడమూ వారి పని. ఆ బంట్లకు దారి తెలుసు గానీ దారి పక్కన ఉన్న గుడి గురించో చెరువు గురించో చెప్పమని వారిని ఎవరూ అడిగినట్టు కనబడదు.

అయినా ఈ వ్యాపారుల చూపు పల్లెల మీద పడకపోలేదు. సూరత్ నుంచి తూర్పుగా బయలుదేరిన తవెర్నియే బార్డోలీ, వాలోడ్‌లు దాటి నవాపూర్ చేరి, అది నేతగాళ్ళతో నిండిన పెద్ద ఊరని, అయితే అక్కడి అసలు వ్యాపారం బియ్యమని, గింజ చిన్నదై మంచులా తెల్లగా ఉండి కస్తూరి వాసన వేస్తుందని రాసుకున్నాడు. మరొక ఫ్రెంచి యాత్రికుడు జాఁ ద తెవెనో 1666లో సూరత్‌లో దిగి, ఔరంగాబాద్ మీదుగా గోల్కొండకూ మచిలీపట్నానికీ వెళ్తూ నేటి నిజామాబాద్ అయిన ఇందూరునూ, దాని సమీపంలోని ఇందల్వాయినీ తన మజిలీలలో పేర్కొన్నాడు. పల్లెసీమ గురించి వీరిద్దరికీ తెలిసినదంతా సరుకుల రూపంలోనే తెలిసింది. ఏ ఊళ్ళో ఏమి నేస్తారు, ఏమి పండిస్తారు, ఏ నది దాటడానికి ఎంత సుంకం అనేవి మార్గదర్శి చెప్పిన కథలు కావు, వర్తకుడి అవసరం అడిగించిన ప్రశ్నలకు దొరికిన జవాబులు.

గుజరాత్ దారుల్లో మాత్రం బంట్లకు భిన్నమైన మరొక రకం తోడు ఉండేది. ఆయుధబలం కాక నైతికబలం దాని ఆధారం కావడంతో అది విదేశీయులను అమితంగా ఆశ్చర్యపరిచింది. చారణులు, భాట్లు అనే రెండు కులాలవారు రాజవంశాల వంశావళులను, కీర్తిగాథలను గానం చేసేవారు. తెలుగునాట భట్రాజుల వృత్తితో వీరి వృత్తికి పోలిక ఉంది. చారణులను దైవాంశ గలవారిగా భావించడంతో, వారి రక్తం నేల మీద పడటానికి కారణమైనవాడి వంశానికి శాపం తగులుతుందన్న నమ్మకం రాజపుత్రులలోనూ, కోలీలలోనూ, భిల్లులలోనూ గట్టిగా ఉండేది. ఈ నమ్మకాన్ని ఆసరా చేసుకుని వర్తకులు, బాటసారులు చారణుణ్ణి కూలికి తోడు తెచ్చుకునేవారు. దారిలో దొంగలు అడ్డగిస్తే అతడు వారితో కలబడడు. బాటసారిని ముట్టుకుంటే తన గొంతు తానే కోసుకుంటానని కత్తి తీస్తాడు. అప్పటికీ వారు వెనుదీయకపోతే నిజంగానే తన ఒంటి మీద గాయం చేసుకుంటాడు. ఎదుటివాడి మీద పాపం మోపడానికి తనను తాను గాయపరచుకోవడమో ప్రాణం తీసుకోవడమో చేసే ఈ పద్ధతిని త్రాగా అనేవారు. అహ్మదాబాద్, ఖంభాత్, సూరత్‌ల మధ్య తిరిగిన తెవెనో ఇలాంటి చారణ దంపతులను తోడుగా తీసుకునే ఆచారాన్ని వర్ణించాడు. వారు రోజుకు రెండు రూపాయలు అడిగారని, ఆ రకమైన రక్షణ తనకు చిన్నతనంగా తోచి వద్దన్నానని రాశాడు. తవెర్నియే చెప్పిన బంటు జీతంతో పోలిస్తే ఇది చాలా పెద్ద మొత్తం. సాయుధుడికి రెండు వారాల పాటు ఇచ్చే జీతాన్ని చారణ దంపతులు ఒక్కరోజుకు అడగగలిగారంటే, మార్కెట్టులో ఏ రక్షణకు ఎక్కువ విలువ ఉండేదో వేరే చెప్పనక్కరలేదు. తెవెనో దానిని తక్కువచేసి చూడటం ఆ దేశపు లోకవ్యవహారం అతడికి అర్థంకాకపోవడం వల్లనే.

మూడో రకం తోడు వళావియా. ఒక ఊరి పొలిమేర నుంచి మరొక ఊరి పొలిమేర దాకా బాటసారిని క్షేమంగా సాగనంపే బాధ్యతను కూలికి తీసుకునే స్థానికుడికి ఆ పేరు. ఎక్కువగా రాజపుత్ర, కోలీ, భిల్లు సముదాయాల మనుషులు ఈ పని చేసేవారు. ఎవరి పల్లెల గుండా దారి పోతుందో ఆ పల్లెల వారికే ఈ రుసుము దక్కేది. రుసుము చెల్లించని బిడారును దోచుకునేవారు కూడా తరచుగా అదే పల్లెలవారై ఉండేవారు. ఈ వింతను చూసి ఆనాటి అధికారులు దీన్ని దోపిడీకి పెట్టుకున్న ముద్దుపేరుగా తీసిపారేశారు. ఆ అభిప్రాయాన్ని యథాతథంగా స్వీకరించడం కష్టం. పంటలో వాటా, రేవులో సుంకం రాజ్యం పట్టుకుపోతుండగా, తమ పొలాల మీదుగా పోయే సంపద మీద గ్రామసీమ తనంతట తాను విధించిన పన్నుగా దీనిని చూడటమే ఎక్కువ సబబు. బాటసారి కోణంలో చూస్తే అతడు కొనుక్కున్నది రక్షణ మాత్రమే కాదు, ఒక పరిచయం. ఈ మనిషి మనవాడితో వస్తున్నాడు, ఇతడికి ఏమైనా అయితే మనవాడి మాట పోతుంది అన్న భావం ఆ పల్లెల్లో కలగడానికి అతడు డబ్బిచ్చాడు. చారణుడైనా వళావియా అయినా, తోడు నడిచినవాడు ప్రయాణికుడి తరఫున ఆ నేలకు జామీను నిలిచినవాడు.

ఈ జామీను వ్యవస్థను ఈస్టిండియా కంపెనీ కూడా మొదట్లో వాడుకుంది. పద్దెనిమిదో శతాబ్దం చివరి భాగంలో భరూచ్, దభోయి ప్రాంతాల్లో కంపెనీ ఉద్యోగిగా పనిచేసిన జేమ్స్ ఫోర్బ్స్ 1813లో వెలువరించిన తన జ్ఞాపకాల సంపుటాలలో భాట్ల హామీలకు గుజరాత్‌లో ఉన్న పలుకుబడిని నమోదు చేశాడు. 1807–08లో కాఠియావాడ్ సంస్థానాధీశులతో కప్పపు ఒప్పందాలు కుదిర్చిన కర్నల్ అలెగ్జాండర్ వాకర్ కూడా భాట్ల జామీనును స్వీకరించాడు. కానీ రాజ్యం తన పోలీసులను, తన కోర్టులను, తన ముద్ర ఉన్న కాగితాలను స్థిరపరచుకునే కొద్దీ ఇంకొకరి రక్తం మీద ఆధారపడిన హామీతో దానికి పనిలేకపోయింది. త్రాగా క్రమంగా నేరమైంది. ఆ తరువాత రైలు వచ్చింది. 1864 నాటికి బొంబాయి నుంచి సూరత్ మీదుగా ఉత్తరానికి రైలుమార్గం ఏర్పడగా, 1900 ప్రాంతంలో తాపీ లోయ రైలుమార్గం పాత బుర్హాన్‌పూర్ బిడారు దారిని అనుసరించి తూర్పుకు సాగింది. ఇప్పుడు అహ్మదాబాద్ నుంచి సూరత్, నందుర్‌బార్, భుసావల్‌ల మీదుగా వరంగల్, విజయవాడలకు వచ్చే నవజీవన్ ఎక్స్‌ప్రెస్ నవాపూర్ వద్ద నడిచేది ఆ పాత దారి పక్కనే. రైలు ప్రయాణికుడికి వళావియాతో అవసరం లేదు. నాలుగైదు తరాల్లో ఆ వృత్తి పేరు కూడా మరుగున పడింది.

తోడు అవసరం తీరిపోయాక ఖాళీ అయిన స్థానంలోకి వ్యాఖ్యాత వచ్చాడు. ఈ మార్పు సూరత్‌కు మాత్రమే పరిమితమైనది కాదనడానికి కంబోడియా మంచి ఉదాహరణ. 1907లో సయాం నుంచి సియెం రీప్ ప్రాంతం ఫ్రెంచి రక్షిత రాజ్యమైన కంబోడియాకు తిరిగి దక్కిన తరువాత అంగ్‌కోర్ శిథిలాల సంరక్షకుడిగా నియమితుడైన జాఁ కొమ్మాయ్ 1912లో ఆ శిథిలాలకు మార్గదర్శక గ్రంథం ప్రచురించాడు. నాలుగేళ్ళకు, 1916లో, కూలీల జీతాల డబ్బు తీసుకువెళ్తుండగా దొంగల చేతిలో హతుడయ్యాడు. చూపించే పుస్తకం తయారయ్యే నాటికి కాచే తోడు అక్కడ ఇంకా అవసరంగానే ఉందన్నమాట. శిథిలాల చుట్టూ చిన్న వలయం, పెద్ద వలయం అని ఫ్రెంచివారు గీసిన దారులే నేటికీ అక్కడి ఒకరోజు యాత్రలకు ఆధారం. సియెం రీప్ నుంచి పల్లెల్లోకి తీసుకువెళ్ళి వరిపొలాలు, తాటిబెల్లం వండే పొయ్యిలు చూపించే మార్గదర్శి ఆ పరంపరకు వారసుడే.

సూరత్ పల్లెసీమలో ఈ మార్పును తలకిందులు చేసి చూపిన ప్రయాణం ఒకటి 1930లో జరిగింది. దాండీ యాత్రను రాజకీయ సంఘటనగా చెప్పుకోవడం పరిపాటి. దాన్ని ప్రయాణంగా, అంటే ముందుగా ఏర్పాటైన మజిలీలతో పల్లెల గుండా సాగిన కాలినడక యాత్రగా చూసినప్పుడు దాని కొత్తదనం మరింత స్పష్టపడుతుంది. మార్చి 12న సాబర్మతి నుంచి బయలుదేరిన బృందానికి ముందుగా గుజరాత్ విద్యాపీఠ్ విద్యార్థులు అరుణ్ టుకడీ పేరుతో ఊరూరికీ వెళ్ళి ఏర్పాట్లు చూసేవారు. పల్లెలవారు సిద్ధం చేసి ఉంచవలసిన వివరాలను గాంధీ ముందే ప్రకటించాడు. జనాభాలో స్త్రీలు, పురుషులు ఎందరు, ఏ మతాలవారు ఎందరు, అస్పృశ్యులు ఎందరు, వారికి ఉన్న సౌకర్యాలేమిటి, బడి ఉంటే పిల్లలెందరు, రాట్నాలెన్ని, నెలకు ఖాదీ అమ్మకం ఎంత, తలకు ఎంత ఉప్పు ఖర్చవుతుంది, పశువులకు ఎంత, ఆవులు గేదెలు ఎన్ని, భూమిశిస్తు ఎంత, ఉమ్మడి మేతబీడు ఎంత, జనం తాగుతారా, సారాకొట్టు ఎంత దూరం అన్నవి ఆ ప్రశ్నలు. పూర్వం ప్రయాణికుడు వెంట వచ్చినవాడి జామీను మీద నడిచాడు. ఇక్కడ ప్రయాణికుడు ఊరిని ఊరి గురించే వ్యాఖ్యానించమని అడుగుతున్నాడు. మార్గదర్శి ఒక మనిషి కాదు, గ్రామమంతా.

ఆతిథ్యానికి కూడా అంతే కచ్చితమైన కొలతలు పెట్టాడు. తెల్లవారుజామున జావ, రొట్టె, మధ్యాహ్నం భాఖరీ, కూర, మజ్జిగ లేదా పాలు, సాయంత్రం నడక మొదలయ్యే ముందు వేయించిన శనగలు, రాత్రికి కిచిడీ. మనిషికి రోజు మొత్తానికి నెయ్యి మూడు తులాలు మించకూడదు. ఈనాటి లెక్కలో అది ముప్పై అయిదు గ్రాములు. మిఠాయిలు వద్దు. పరుపులు ఎవరివి వారే తెచ్చుకుంటారు, పడుకోవడానికి శుభ్రమైన చోటు చాలు. ఈ నియమాలు సూరత్ జిల్లా చేరేసరికి సడలాయి. మార్చి 29న భట్‌గామ్‌లో చేసిన ప్రసంగంలో గాంధీ ఆ సడలింపును బహిరంగంగా విమర్శించాడు. యాత్రికుల కోసం సూరత్ నుంచి పాలు, కూరగాయలు తెప్పించడాన్ని, కిట్సన్ దీపాన్ని, అంటే కిరోసిన్ ఆవిరితో మండే పెద్ద కాంతిదీపాన్ని, ఒక కూలీ నెత్తిన మోయించి నడిపించడాన్ని తప్పుపట్టాడు. ఆ నెల రెండో తేదీన వైస్రాయికి రాసిన ఉత్తరంలో అతడి నెలజీతం 21,000 రూపాయలకు పైనని, సగటు భారతీయుడి ఆదాయం రోజుకు రెండణాలకు తక్కువని గాంధీ పోల్చిచూపాడు. అదే కొలబద్దను భట్‌గామ్‌లో తన బృందానికే పెట్టాడు. దారి చూపే దీపం మోసేవాడి బరువును ప్రయాణికుడు లెక్కలోకి తీసుకోవడం ఈ దారుల లిఖిత చరిత్రలో అరుదైన విషయం. తవెర్నియే లెక్కల్లో బంట్లు, బోయీలు ధరల పట్టికలోని అంకెలుగానే ఉన్నారు.

యాత్రికులు ఏప్రిల్ 1న సూరత్ నగరంలో బసచేసి, 2న డిండోలి, వాంఝ్‌ల మీదుగా సాగి, 3న ధమణ్ దాటి నవసారి చేరి, 5న దాండీ సముద్రతీరం చేరుకున్నారు. మొదటి నుంచీ ఎంపికైన యాత్రికులలో ఆంధ్రం నుంచి ఉన్న ఒకే ఒక్కడు కృష్ణా జిల్లాకు చెందిన ఎర్నేని సుబ్రహ్మణ్యం. ఏప్రిల్ 6న దాండీలో ఉప్పు తీసిన తరువాత సత్యాగ్రహం పరిసర గ్రామాలకు పాకింది. ఆల్థాన్ పక్కనున్న భీమ్రాడ్ అందులో ఒక ముఖ్య కేంద్రం. గాంధీ కుమారుడు రాందాస్ ఇక్కడే అరెస్టయ్యాడు. ఏప్రిల్ 9న గాంధీ స్వయంగా వచ్చి ఇక్కడ ప్రసంగించాడు. పోటునీరు ఎక్కే ఉప్పునేల కావడమే ఈ ఊరికి ఆ ప్రాముఖ్యం తెచ్చిపెట్టింది.

ఆ తరువాతి దశాబ్దాల్లో ఈ దారి చుట్టూ స్థిరపడిన జనం వేరు. మరమగ్గాల పరిశ్రమ పెరిగేకొద్దీ తెలంగాణ జిల్లాల నుంచి పద్మశాలీ కుటుంబాలు సూరత్‌కు వలస వచ్చి లింబాయత్, ఉధనా పరిసరాల్లో నివాసం ఏర్పరచుకున్నాయి. యాత్రికులు మజిలీ చేసిన డిండోలి సైతం వలసకార్మికుల కాలనీలతో నిండిపోయింది. నగరపాలక సంస్థ తెలుగు మాధ్యమంలోనూ ప్రాథమిక పాఠశాలలు నడుపుతోంది. గోల్కొండ వజ్రాల కోసం తవెర్నియే ఏ రేవు నుంచి తూర్పుకు బయలుదేరాడో ఆ ఊరి అంచున, ఆల్థాన్‌కు సమీపంలోని ఖజోద్‌లో, 2023 డిసెంబర్ 17న సూరత్ వజ్రాల మార్కెట్ భవనం ప్రారంభమైంది. వజ్రం ఇప్పుడు ఇక్కడికే వచ్చి సానపట్టించుకుంటోంది. నేతగాడు కూడా ఇక్కడికే వచ్చాడు.

దాండీ యాత్ర మార్గం నేడు జాతీయ రహదారి. దాండీలో 2019 జనవరి 30న ప్రారంభమైన జాతీయ ఉప్పు సత్యాగ్రహ స్మారకంలో యాత్రికుల విగ్రహాలు, యాత్రలోని ఘట్టాలను చెప్పే 24 కుడ్యశిల్పాలు ఉన్నాయి. సూరత్ నుంచి వచ్చే ఒకరోజు యాత్రలో సమయమంతా ఈ స్మారకం దగ్గరే గడుస్తుంది, ఎందుకంటే వ్యాఖ్యానానికి కావలసినదంతా ఒకేచోట శిల్పంగా, ఫలకంగా సిద్ధంగా ఉంది. వాంఝ్, ధమణ్ వంటి ఊళ్ళు కారు కిటికీలో నుంచి దాటిపోతాయి. భట్‌గామ్ నగరానికి ఉత్తరాన ఉండటంతో దాండీ వెళ్ళే దారిలో రానే రాదు. రాట్నాలు, ఉప్పు, మేతబీడుల గురించి 1930లో ఈ ఊళ్ళను అడిగిన ప్రశ్నలను ఇప్పటి అంకెలతో మళ్ళీ అడిగించే యాత్ర ఏదైనా మొదలైతే దానికి మార్గదర్శులు ఆ ఊళ్ళలోనే దొరుకుతారు. భీమ్రాడ్ అయితే ఆల్థాన్‌కు పొరుగూరే. అక్కడికి పోవడానికి వాహనం మాట్లాడుకోవలసిన పని కూడా లేదు.